పినాకిని: ఏటి పేరు ఆడపిల్లకు పెట్టవచ్చా?

మా అమ్మాయి పేరు పినాకిని. ఈ పేరు మొదటిసారి విన్నవారిలో ఎక్కువమంది కాస్త ఆగి, "అది రైలు పేరు కదండీ?" అని అడుగుతారు. విజయవాడ నుంచి ఒంగోలు, నెల్లూరు మీదుగా చెన్నైకి పోయే పినాకినీ ఎక్స్‌ప్రెస్ పుణ్యమా అని ఈ మాట కోస్తాలో అందరి చెవినా పడింది గాని, ఆ రైలుకు ఆ పేరు ఎక్కడి నుంచి వచ్చిందని అడిగితే మాత్రం నెల్లూరు పొలిమేర దాటాక జవాబు చెప్పగలిగినవారు తక్కువ. అది పెన్నా నదికి సంస్కృతంలో ఉన్న పేరు. గోదావరి పేరుతోనూ రైలు ఉంది, కృష్ణ పేరుతోనూ ఉంది. అయినా గోదావరి అనే ఆవిడను పట్టుకుని రైలు పేరు పెట్టుకున్నావేమమ్మా అని ఎవరూ అడగరు. ఒక నది పేరు మనిషి పేరుగా చెలామణి అయి, ఇంకో నది పేరు రైలుపెట్టె మీది అక్షరాలుగానే ఎందుకు మిగిలిపోయిందో కొన్నేళ్లుగా ఆలోచిస్తున్నాను. ఆ ఆలోచనతోపాటు, ఈ పేరు మీద బంధువులు, ఇరుగుపొరుగువారు లేవనెత్తుతూ వచ్చిన అభ్యంతరాలకు నా సమాధానాలను కూడా ఇక్కడ ఒకచోట పెడుతున్నాను. ఆడపిల్లకు తన ఊరి ఏటి పేరు పెట్టడం వింత పోకడ కాదని, మన వైపు పేర్లు పెట్టే పాత పద్ధతికి అదే సరైన కొనసాగింపని నా వాదన.

నేను పుట్టింది అద్దంకి దగ్గర, గుండ్లకమ్మ ఒడ్డున. మెట్టింది కోవూరు, అంటే పెన్నకు ఉత్తరపు గట్టున. పాప ఉత్తరా నక్షత్రం నాలుగో పాదంలో పుట్టింది. ఆ నక్షత్రానికి పంచాంగం చెప్పే అక్షరాలు టే, టో, పా, పీ. నాలుగో పాదానికి వచ్చేది పీ. హ్రస్వదీర్ఘాల తేడా పట్టించుకోనక్కరలేదని పురోహితుడే అన్నాడు. అయినా ఆ అక్షరంతో వెతకబోతే పీయూష, పింగళ వంటి రెండు మూడు పేర్ల దగ్గరే మా వెతుకులాట ఆగిపోయింది. అక్షరంతో పని లేకుండా జొన్నవాడ అమ్మవారి పేరు కామాక్షి అని పెట్టమన్నారు మా అత్తగారు. పెన్న ఆనకట్ట కాలువ కింద జీవితమంతా వరి పండించిన మా మామయ్య అంతవరకు ఏమీ మాట్లాడలేదు. "పీ అక్షరమంటన్నారు గదా, పినాకిని ఉండనే ఉంది గదమ్మాయ్! ఇంటి ముందర దాన్ని పెట్టుకుని ఊరంతా ఎతుకుతారేంది?" అని ఆయన అనేసరికి అందరం ఒకరి ముఖం ఒకరు చూసుకున్నాము. ఉత్తరా నక్షత్రంలో పుట్టిన పిల్లకు ఉత్తర పినాకిని పేరు భలే కుదిరిందని పురోహితుడు ముచ్చటపడ్డాడు. బారసాల నాడు పళ్లెంలోని బియ్యం మీద ఆ నాలుగక్షరాలే రాశారు. ఆ బియ్యం కూడా పెన్న నీటితో పండినవేనని మామయ్య గుర్తుచేశారు గాని, పిల్ల ఏడుపులో ఆ మాట ఎవరికీ సరిగా వినపడలేదు.

ఇక అర్థం సంగతి. పినాకం శివుడి విల్లు. సంస్కృత నిఘంటువైన అమరకోశం "పినాకోఽజగవం ధనుః" అని ఆ విల్లుకు రెండు పేర్లు చెబుతుంది. శివుడి పేర్ల వరుసలో "పినాకీ ప్రమథాధిపః" అని ఆయనను ఆ విల్లుతోనే గుర్తిస్తుంది. అంతకంటె చాలా పాతది నమకంలోని "పినాకం బిభ్రదాగహి" అనే ప్రార్థన. నీ ఆయుధాన్ని ఎత్తయిన చెట్టు మీద ఉంచి, తోలు కట్టుకుని, పినాకం చేతపట్టుకుని మా దగ్గరకు రా అని రుద్రుణ్ని వేడుకునే చోటది. రుద్రాభిషేకం జరిగే ప్రతి గుడిలోనూ ఈ మాట రోజూ వినిపిస్తుంది కాబట్టి పినాకిని అనే పేరు మన చెవికి కొత్త అనడానికి వీల్లేదు. పినాకం కలవాడు పినాకి. ఆ మాట సంస్కృతంలో నకారాంతం, అంటే దాని మూలరూపం పినాకిన్ అని నకారపు పొల్లుతో ముగుస్తుంది. అటువంటి మాటలకు స్త్రీలింగంలో ఈకారం చేరుతుందని పాణిని "ఋన్నేభ్యో ఙీప్" అనే సూత్రంలో చెప్పాడు. హస్తి నుంచి హస్తిని, మాలి నుంచి మాలిని వచ్చినట్టే పినాకి నుంచి పినాకిని వచ్చింది. చివరి దీర్ఘాన్ని తెలుగు తన అలవాటు ప్రకారం కుదించుకుంది. పినాకాన్ని ధరించినది అని అర్థం. ఇందులో సందిగ్ధానికి తావు లేదు.

నదికి ఆ పేరు రావడానికి చెప్పే కారణాలు రెండు. కర్ణాటకలోని చిక్కబళ్ళాపురం దగ్గర నంది కొండల వరుసలో ఈ నది పుడుతుంది. అక్కడ కొండ మీద యోగనందీశ్వరుడు, కొండ కింద భోగనందీశ్వరుడు. శివుడి వాహనం పేరుతో ఉన్న కొండల్లో పుట్టిన ఏటికి శివుడి విల్లు పేరు రావడం సహజమేనని ఒక కారణం చెబుతారు. నది వంపు విల్లులా ఉంటుందనేది రెండోది. ఈ రెండో మాటను నేను మొదట్లో నమ్మలేదు, ఎందుకంటే వంపు తిరగని నది ఎక్కడా ఉండదు. ఒకరోజు పాప అట్లాసు తెరిచి, పటం మీద వేలు పెట్టి పెన్న వెంట పోయి చూశాను. నంది కొండల్లో బయలుదేరి గౌరీబిదనూరు, హిందూపురం వైపుగా ఉత్తరానికి పోతుంది. పామిడి దాటాక తూర్పుకు తిరిగి తాడిపత్రి మీదుగా వచ్చి, ఎర్రమల కొండలను గండికోట దగ్గర నిలువునా కోస్తుంది. ఆ తర్వాత ఆగ్నేయానికి మళ్లి, సిద్ధవటం దాటి, సోమశిల దగ్గర కొండల్లోంచి బయటపడి, సంగం, నెల్లూరు మీదుగా బంగాళాఖాతంలో కలుస్తుంది. పుట్టినచోటు నుంచి సముద్రం దాకా స్కేలు పెట్టి తిన్నగా ఒక గీత గీస్తే అది అల్లెతాడు; 597 కిలోమీటర్ల నది ఉత్తరానికి ఉబ్బిన విల్లు. పేరు పెట్టినవారి దగ్గర పటం లేకపోయినా, ఏటి వెంట నడిచి పోయేవారికి ఎక్కడ దిక్కు మారుతుందో తెలియకుండా ఉండదు కదా!

అదే కొండల్లో పుట్టిన మరో ఏరు దక్షిణానికి పోతుంది. దానిపేరు దక్షిణ పినాకిని. హోసూరు, కృష్ణగిరి మీదుగా తమిళనాడులోకి దిగి కడలూరు దగ్గర సముద్రంలో కలిసే ఆ నదిని తమిళులు తెన్‌పెణ్ణై అంటారు. అటు తెన్‌పెణ్ణై, ఇటు పెన్న. రెంటికీ పైన సంస్కృతంలో ఒక్కటే పేరు. అందువల్లనే మనది ఉత్తర పినాకిని అయింది.

పేరు పెట్టిన కొత్తలో వేదం చదువుకున్న దూరపు బంధువు ఒకాయన మా ఆయనకు ఒక శ్లోకం వినిపించారు. మనుస్మృతి మూడో అధ్యాయంలో తొమ్మిదో శ్లోకం అది: "నర్క్షవృక్షనదీనామ్నీం నాంత్యపర్వతనామికామ్, న పక్ష్యహిప్రేష్యనామ్నీం న చ భీషణనామికామ్." నక్షత్రం, చెట్టు, నది పేర్లు ఉన్న పిల్లను, అంత్యకులాల పేర్లు, కొండ పేర్లు ఉన్న పిల్లను, పక్షి, పాము, సేవకుల పేర్లు ఉన్న పిల్లను, భయం గొలిపే పేరున్న పిల్లను పెళ్లాడరాదని దాని భావం. అంటే పేరు పెట్టినవారికి శిక్ష లేదు, ఆ పేరు మోసే పిల్లకే పెళ్లి లేదు. తక్కువగా చూసిన కులాల పేర్లను, కొలువు చేసుకుని బతికేవారి పేర్లను పాముల పేర్ల పక్కన చేర్చిన శ్లోకాన్ని నెత్తిన పెట్టుకోవలసిన అవసరం నాకు కనిపించలేదు. అయినా ఆయన పెద్దవారు, వాదించాలంటే శాస్త్రంతోనే వాదించాలి.

వాదన పెద్ద కష్టం కాలేదు. మన ఇళ్లలో ఆడవాళ్ల పేర్లు ఒక్కసారి తలచుకుంటే చాలు. రోహిణి, రేవతి, స్వాతి, అనూరాధ, అశ్విని నక్షత్రాలు. తులసి మొక్క, వకుళ చెట్టు. గంగ, యమున, గోదావరి, నర్మద, కావేరి నదులు. పార్వతి, గిరిజ, హైమవతి అన్నీ కొండకూతుళ్లే. హంస, కోకిల పక్షులు. నాగమణి, నాగలక్ష్మి, నాగమ్మ సంగతి సరేసరి. మన జిల్లాల్లో పుట్టకు పాలు పోసి మొక్కుకుని పెట్టుకున్న పేర్లు లేని వీధి ఉంటుందా? కాళి, చండి పేర్లు భీషణమనుకుంటే అవీ ఉన్నాయి. ఆ శ్లోకంలో ఒక్కొక్క నిషేధాన్నీ తెలుగువాళ్లు తరతరాలుగా వరసపెట్టి దాటుతూనే వచ్చారు. ఇక సీత అనే పేరుకు నాగేటి చాలు అని అర్థం. జనకుడు దున్నుతుంటే దొరికిన పిల్లకు ఆ చాలు పేరే పెట్టారు. మట్టి పేరు పెట్టుకున్న ఆవిడను పెళ్లాడడానికి రాముడికి అభ్యంతరం లేకపోయింది.

పోనీ, మనువునే ఒప్పుకుందామన్నా అదే గ్రంథం రెండో అధ్యాయంలో ముప్పైమూడో శ్లోకం ఆడపిల్లల పేరు ఎలా ఉండాలో చెబుతుంది. సులభంగా పలకాలి, కఠినంగా ఉండకూడదు, అర్థం స్పష్టంగా ఉండాలి, మనోహరంగా, మంగళకరంగా ఉండాలి, దీర్ఘాక్షరంతో ముగియాలి, దీవెన పలికినట్టు ఉండాలి అంటుంది. పినాకినీ అనే పేరులో ఒక్క ఒత్తు లేదు, ఒక్క సంయుక్తాక్షరం లేదు, చివర దీర్ఘం. వీటన్నిటిలోనూ నాకు నచ్చినది స్పష్టమైన అర్థం ఉండాలనే షరతు. ఈ రోజుల్లో పెడుతున్న పేర్లలో చాలావాటికి ఈ షరతు మీదే చిక్కు వస్తుంది. ఏ నిఘంటువులోనూ కనిపించని రెండున్నర అక్షరాల పేరుకు అంతర్జాలంలో లక్ష్మీదేవి అనో, వెలుగు అనో అర్థం రాసి ఉంటుంది. రాసినవారెవరో తెలియదు, ఏ ధాతువు నుంచి వచ్చిందో తెలియదు. కొత్త పేర్లు పుట్టకూడదని నేననను. ధ్వని బాగుందని పెట్టుకున్నవారు ధ్వని బాగుందనే చెబితే ఏ పేచీ లేదు. లేని అర్థాన్ని అంటగట్టడంతోనే నాకు పేచీ.

విల్లు మగవాళ్ల ఆయుధం, ఆడపిల్లకేమిటి అన్నవారూ ఉన్నారు. ఈ మాట అన్న ఒక చుట్టం తన మనవరాలికి ధన్విక అని పేరు పెట్టుకుంది. ధన్వి అంటే విల్లు కలవాడు. విష్ణుసహస్రనామంలో "ఈశ్వరో విక్రమీ ధన్వీ" అని వచ్చేది ఆ మాటే. ఆ సంగతి చెబితే ఆవిడ నవ్వేసింది, నేనూ పొడిగించలేదు. అసలు మన స్తోత్రాల్లో విల్లు అమ్మవారి చేతిలో లేనిదెప్పుడు? దేవీమాహాత్మ్యం మొదటి అధ్యాయంలో "శంఖినీ చాపినీ" అనే స్తుతి ఉంది. చాపిని అంటే విల్లు పట్టినది, అచ్చంగా పినాకిని వంటి మాటే. లలితాసహస్రనామం "మనోరూపేక్షుకోదండా" అని ఆమె చేతికి మనసనే చెరకు విల్లు ఇచ్చింది. శుక్రవారాలు ఈ సహస్రనామం చదివే ఇంట్లో విల్లు పేరు ఆడపిల్లకు పనికిరాదనడం విడ్డూరం.

మరొకరి బాధ వేరు. పినాకం సీతాస్వయంవరంలో విరిగిపోయిన విల్లు కదా, విరిగిన వస్తువు పేరు పెడితే అచ్చిరాదేమోనని ఆమె భయం. జనకుడి ఇంట్లో ఉన్న శివధనుస్సే పినాకమని జనం చెప్పుకునే మాట నిజమే. అలా అనుకున్నా, ఆ విల్లు విరగడంతోనే ఆ ఇంట పెళ్లి బాజాలు మోగాయి. శుభమో అశుభమో మీరే చెప్పండి అంటే ఆమె ఊరుకుంది. ఇదే పేరుతో మన సైన్యం దగ్గర రాకెట్లు పేల్చే యంత్రం ఉందని, పేరు వెతికితే ముందు ఆ బొమ్మలే వస్తున్నాయని మా అమ్మాయి మాత్రం తెగ సంబరపడుతుంది.

ఇవన్నీ ఒక ఎత్తు. నిజంగా ఆలోచించవలసిన అభ్యంతరం ఒకటుంది. మా అత్తగారు అన్నదే అది: "ఎండాకాలమొస్తే ఇసక తప్ప ఏముంటదమ్మాయ్ ఆ ఏట్లో? పిల్లకు ఎండిపోయే ఏటి పేరా?" పెన్న జీవనది కాదు. దాని పరీవాహకంలో పెద్ద భాగం అనంతపురం వంటి వాన ముఖమెరగని నేల. దారిలో జయమంగళి, కుందూ, సగిలేరు ఒకవైపు నుంచి, చిత్రావతి, పాపాఘ్ని, చెయ్యేరు మరోవైపు నుంచి కలిసినా, ఏడాదిలో చాలా నెలలు నెల్లూరు వంతెన మీది నుంచి చూసేవారికి కనిపించేది ఇసుక, రెల్లు, మధ్యలో సన్నటి పాయ. నైరుతి కంటె ఈశాన్య రుతుపవనాలే మనకు దిక్కు. సముద్రంలో వాయుగుండం పుడితే అక్టోబరు, నవంబరులలో నది ఒక్కసారిగా గట్లు నింపుతుంది.

అయితే ఎండిన పెన్న ఎండినట్టు కాదు. వేసవిలో పిల్లలను తీసుకుని మామయ్య ఏట్లోకి దిగి చెలమ తవ్వించేవారు. కొబ్బరి చిప్పతో పైన కాలే ఇసుకను తోడేస్తే కింద రంగు మారుతుంది, ముదురు గోధుమ వన్నెలో తడి ఇసుక తగులుతుంది. మోచేతి లోతు పోయేసరికి అంచులు జారి గుంట పూడిపోతుంది, మళ్లీ తోడాలి. అడుగున ముందుగా ఊరే నీళ్లు బురదగా ఉంటాయి. వాటిని చిప్పతో బయటికి చల్లి, ఇంకోసారి ఊరనిచ్చి, అవీ చల్లితే, ఆ తర్వాత ఊరినవి ఇసుక రేణువులు కనిపించేంత తేటగా ఉంటాయి. పినాకిని ఆ నీళ్లు దోసిట పట్టి తాగబోతే వాళ్ల నాన్న వద్దన్నాడు, తాత తాగమన్నాడు. ఇద్దరి మాటా విన్నట్టు పిల్ల ముఖం కడుక్కుని ఊరుకుంది. పైకి కనిపించకపోయినా ఇసుక కింద నడిచే ఆ ఊట వల్లనే ఒడ్డు ఊళ్ల బావులు నిలుస్తున్నాయి. అందుకే ఇసుక తవ్వకాల మీద ఇక్కడ అన్ని గొడవలు.

ఇక ఎండిపోయే నది ఇంత నేలకు అన్నం ఎలా పెట్టిందంటే, వచ్చిన నాలుగు రోజుల నీటిని పట్టి ఉంచడం ఇక్కడివారు నేర్చుకున్నారు. నెల్లూరు ఆనకట్ట, సంగం ఆనకట్ట పందొమ్మిదో శతాబ్దంలో కట్టినవి. 2022లో ఆ రెండు చోట్లా కొత్త బ్యారేజీలు వచ్చాయి. పైన 78 టీఎంసీల సోమశిల జలాశయం ఉంది. మొలగొలుకుల బియ్యానికి నెల్లూరు పేరు రావడం వెనుక ఉన్నదీ ఈ నీళ్లే. ఏడాది పొడుగునా నిండుగా పారే నదికి దండం పెట్టడం తేలిక. నాలుగు నెలలు వచ్చి పన్నెండు నెలల తిండి ఇచ్చే నదిని ఎండిపోయేది అనడం నాకు న్యాయంగా తోచదు.

ఆ నదికి కోపం వస్తే ఏమవుతుందో కూడా చూశాము. 2021 నవంబరులో చెయ్యేరు మీద అన్నమయ్య ప్రాజెక్టు కట్ట తెగింది. పెన్నకు వచ్చిన వరద నెల్లూరు లోతట్టు వీధుల్లోకి, మా వైపు ఊళ్లలోకి చొచ్చుకొచ్చింది. పడుగుపాడు దగ్గర రైలు కట్ట కొట్టుకుపోయి పట్టాలు గాలిలో వేలాడాయి, జాతీయ రహదారి కోసుకుపోయింది. పినాకినీ ఎక్స్‌ప్రెస్‌ను పినాకినే ఆపేసిందని ఆ రోజుల్లో ఒక మాట తిరిగింది. బడి తెరిచాక తోటిపిల్ల ఒకతె "నీ పేరున్న ఏరు మా ఇంట్లోకొచ్చి పుస్తకాలన్నీ తడిపేసింది" అని మా అమ్మాయితో తగువు వేసుకుంది. ఇంటికొచ్చి ఏడిస్తే ఏమి చెప్పాలో నాకు తెలియలేదు. ఆ పిల్లకు కొత్త నోటు పుస్తకాలు కొని పంపాము. పేరు మార్చాలని మాత్రం ఎవరికీ అనిపించలేదు.

ఇన్ని ఉన్నా ఈ పేరు ఎందుకు అరుదైంది? నా దృష్టిలో కారణం మంత్రాల్లో, పంచాంగాల్లో ఉంది. స్నానం చేసేటప్పుడు చెప్పుకునే శ్లోకంలో గంగ, యమున, గోదావరి, సరస్వతి, నర్మద, సింధు, కావేరి ఉన్నాయి. ఈ ఏడింటిలో సింధును మినహాయిస్తే మిగిలినవన్నీ ఇంటింటి పేర్లు. సింధు కూడా మన రోజుల్లో ఆ కొరత తీర్చుకుంది. ఆ శ్లోకంలో కృష్ణ లేదు గాని దానికి పుష్కరం ఉంది కాబట్టి కృష్ణవేణి అనే పేరు నిలిచింది. బృహస్పతి రాశి మారినప్పుడల్లా వరసగా పుష్కరాలు జరుపుకునే పన్నెండు నదుల్లో భీమ ఉంది, ప్రాణహిత ఉంది, పెన్న లేదు. పుష్కరం లేని నదికి దూరప్రాంతాల నుంచి యాత్రికులు రారు. రానివారు ఆ పేరు తమ ఊళ్లకు మోసుకుపోరు. తల్పగిరి రంగనాథుడు ఏటిగట్టునే ఉన్నాడు, జొన్నవాడ కామాక్షి ఏటిగట్టునే ఉంది. ఆ ఒడ్డునే తిక్కన భారతం చెప్పాడని మనవాళ్లు చెప్పుకుంటారు. ఇంత ఉండి కూడా రంగనాయకమ్మలు, కామాక్షమ్మలు ఇంటింటా పుట్టారు, పినాకిని మాత్రం పుట్టలేదు. భక్తి అంతా గుడికే పోయింది, ఏటికి ఏమీ మిగల్లేదు.

ఆ పేరును నిలబెట్టినవారు లేకపోలేదు. 1921 ఏప్రిల్ 7న నెల్లూరుకు దగ్గరలోని పల్లిపాడులో గాంధీజీ ప్రారంభించిన ఆశ్రమానికి పినాకినీ సత్యాగ్రహాశ్రమం అని పేరు. పొట్లపూడికి చెందిన పొణకా కనకమ్మ ఆ ఆశ్రమానికి భూమి ఇచ్చిన దాత. అక్కడ సబర్మతి ఒడ్డున ఉన్నదానికి ఆ నది పేరు, ఇక్కడ పెన్న ఒడ్డున ఉన్నదానికి ఈ నది పేరు. ఆ తరంవారికి తమ ఏటి పేరు అంత పెద్ద పనికి పెట్టుకోదగినదిగా తోచింది. వందేళ్ల తర్వాత మనకు అది రైలుగానే గుర్తుండడం మన లోటు.

నెల్లూరు, ప్రకాశం జిల్లాల పేర్లు వింటే ఊరేదో చెప్పేయవచ్చునని బయటివారు అంటుంటారు. పెంచలయ్య, పెంచలమ్మ అంటే రాపూరు కొండల్లోని పెంచలకోన నరసింహస్వామి. ఆ క్షేత్రానికి పెనుశిల అనే పేరూ ఉంది కాబట్టి, పెంచలమ్మ అని పిలిచినప్పుడల్లా మనం ఒక పెద్ద బండను తలచుకుంటున్నట్టే. మాలకొండయ్య, మాలకొండమ్మ అంటే శనివారం మాత్రమే తెరిచే మాలకొండ గుడి. మస్తానయ్య, మస్తానమ్మ అంటే కసుమూరు దర్గా. ఆ పేర్లు హిందువుల ఇళ్లలోనూ అంతే మామూలు. ఏటి పేరు పెట్టినందుకు మమ్మల్ని వింతగా చూసినవారిలో కొండ పేరున్నవారు, బండ పేరున్నవారు, దర్గా పేరున్నవారు అందరూ ఉన్నారు! పూల పేరు కావాలన్నా మనకు కొదవ లేదు. రామాయణం రాసిన ఆతుకూరి మొల్ల పేరు మల్లె జాతి పువ్వు పేరే. ఇప్పుడు మల్లిక అంటే ఆధునికం, మొల్ల అంటే మోటు. పెంచలమ్మ పేరున్న ఆవిడ మనవరాలికి ఆ పేరు పెట్టడానికి జంకి ఏ ఊరికీ చెందని పేరు కోసం వెతకడం నేను ఎన్నో ఇళ్లలో చూశాను. పేరు వింటే ఊరు తెలిసిపోవడం వాళ్లకు నామోషీ. నాకైతే ఆ పేరుకున్న గొప్పతనమే అది.

మరి ఊరి మాట మీద అంత పట్టుంటే పెన్న అనే పెట్టకుండా సంస్కృతరూపం ఎందుకని ఒక మిత్రుడు నిలదీశాడు. మంచి ప్రశ్నే. మా ఇంట్లో రెండూ నడుస్తున్నాయి. బడి పుస్తకంలో పినాకిని, తాత నోట పెన్నమ్మ. మా ఆడపడుచు పిల్లలు పిలుపు కుదించి "పిన్నీ" అనేస్తుంటే, తమకంటె చిన్నదాన్ని పిన్నీ అంటారేమిటని చూసినవారు నవ్వుతారు. ఆధార్‌లో, జనన ధ్రువపత్రంలో తెలుగు అక్షరాలు ఒక్కోచోట ఒక్కోలా పడ్డాయి. ఒక కార్యాలయంలో "పినకిని" అని, ఇంకోచోట "పీనాకిని" అని. సరిచేయించడానికి తిరిగిన తిరుగుడు విసుగే గాని, ఇది అరుదైన పేరుకే వచ్చే కష్టం కాదు. శ్రావణి శ్రవణి అయిన ఇళ్లూ ఉన్నాయి. పిల్లకు మాత్రం తన పేరు రాయడం ఒకటో తరగతిలోనే వచ్చేసింది. పలక మీద రాసి చూపించి, "నా పేర్లో మూడు గుళ్లు, ఒక దీర్ఘం" అని చెప్పింది. రంగనాథుడి గుడి, కామాక్షమ్మ గుడి పోగా మూడోది ఏదని వాళ్ల తాత అడిగితే, తెల్లమొహం వేసి మళ్లీ పలక చూసుకుంది.

అన్ని ఏళ్ల పేర్లూ పనికొస్తాయని నేను అనను. మా అన్నయ్యకు కూతురు పుట్టినప్పుడు గుండ్లకమ్మ పేరు సూచిస్తే ఇంటిల్లిపాదీ ఒక్కసారిగా కాదన్నారు, వాళ్లను నేను తప్పుపట్టలేను. సగిలేరు, కండలేరు పేర్లతో పిల్లను పిలవడం ఎవరి తరమూ కాదు. కాని పెన్నలో కలిసే చిత్రావతి పేరు చెవికి ఎంత బాగుంటుంది! చెయ్యేటికి బాహుద అనే మరో పేరుంది. తెగిన చేతులను తిరిగి ఇచ్చిందనే కథ దానిది. నాయుడుపేట వైపువారికి స్వర్ణముఖి ఉంది. వీటన్నిటికంటె నాకు ముచ్చటైనది జయమంగళి. తుమకూరు దగ్గర దేవరాయనదుర్గం కొండల్లో పుట్టి హిందూపురం పక్కన పెన్నలో కలిసే చిన్న ఏరది. ఉత్తరాషాఢ మూడో పాదానికి "జా" అక్షరం వస్తుంది కాబట్టి ఆ నక్షత్రంలో ఆడపిల్ల పుట్టినవారు ఆలోచించవచ్చు. జయం ఉంది, మంగళం ఉంది, సంస్కృతంలో చివర దీర్ఘమూ ఉంది. మనువు పెట్టిన షరతులన్నీ దాటుతుంది. అది నది పేరని ఎవరైనా కనిపెడితే కదా అభ్యంతరం!